సగం నమస్కారం

నిద్రపోకూడదట. డాక్టరు రామతులసి గారు ముందే చెప్పారు, మీరు మెలకువగా ఉంటేనే నా పని సాగుతుందండి కన్యక గారూ, అడిగినప్పుడల్లా మీరు ‘ఈ’ అని సాగదీసి పలకాలి, ఆ పలుకు విని లోపల పెట్టే ముక్కని సర్దుకుంటాను అని. అందుకని మత్తు మెడకే ఇచ్చారు. మెడ తప్ప మిగతా నేనంతా ఇక్కడే ఉన్నాను, కాకినాడలో, ఒక సన్నటి బల్ల మీద, ముక్కులోంచి గొంతుదాకా దిగిన సన్న గొట్టంతో, ముఖం మీద ఆకుపచ్చ గుడ్డతో. గుడ్డ కనబడితే నా వేళ్ళు ఊరుకోవు. చేతులు కదపొద్దన్నారు కాబట్టి కళ్ళతోనే నేత చూస్తున్నాను. మంచి నూలే, ఉతికి ఉతికి మెత్తబడిపోయింది, లైటు వెలుతురు దాని సందుల్లోంచి చుక్కలు చుక్కలుగా దిగుతోంది. తాడితోటలో మా చీరల కొట్లో అయితే ఇలాంటి గుడ్డ మూటలు కట్టడానికి వాడతాం. భయం వేయాల్సిన చోట నాకు మూటలు గుర్తొస్తున్నాయి, మంచిదే. మెడ దగ్గర ఏదో నొక్కుతున్నారు, నొప్పి లేదు, ఎవరో పక్కింట్లో సామాన్లు సర్దుకుంటున్నట్టు చప్పుడు మాత్రం నా ఎముకల్లోంచి వినిపిస్తోంది.

గొంతులో రెండు రేకులుంటాయట. ఊపిరి తీసినప్పుడు విడిపోతాయి, మాట్లాడేటప్పుడు దగ్గరికొచ్చి ఒకదానికొకటి ఆనుకుంటాయి. పోయినేడాది నాకు థైరాయిడ్ గడ్డ తీసినప్పుడు ఎడమ రేకుని కదిలించే నరం ఆ గడ్డకి అంటుకుపోయి ఉంది. నరం నిలవకపోవచ్చని అప్పటి డాక్టరు ముందే చెప్పాడు, అలాగే అయింది, ఎవరి తప్పూ లేదు. అప్పట్నుంచీ ఆ రేకు కదలకుండా పక్కకే ఉండిపోయింది. మాట్లాడబోతే గాలి పోతుంది, నీళ్ళు తాగితే పొలమారుతుంది. తనంతట తనే కదలొచ్చు, ఏడాది ఆగి చూద్దామన్నారు, చూశాం, కదల్లేదు. ఇవాళ మెడ ముందున్న మెత్తటి ఎముకకి కిటికీ కోసి, అందులోంచి తెల్లటి ముక్కొకటి దూర్చి ఆ రేకుని రెండోదాని దగ్గరికి నెడతారు. ఎంత నెట్టాలో చెప్పడానికి నా గొంతే కొలత. ‘ఈ’ అనండి, అంటున్నారు డాక్టరు గారు. అన్నాను. బుస్సుమని గాలి. ఇది పాతదే, ముక్క ఇంకా పెట్టలేదు, ఊరికే చూశాం అన్నారావిడ. ఈ గాలితోనే ఏడాదంతా బతికానని ఆవిడకి చెప్పాలనిపించింది, బతికానంటే ఏడుస్తూ కాదు.

గొంతున్నప్పుడు నా గొంతు కొట్టంతటికీ ఒకటే. మెట్లెక్కి పై గదిలోకి వెళ్ళి, అరల మధ్య తిరిగి, అడిగిన రంగు చీర పట్టుకొచ్చేది. పై అరలో ముల్లుపొగరు రంగు ఉప్పాడ, ఎడమ నుంచి రెండో కట్ట అని కింద పరుపు మీద కూర్చునే కేకేస్తే చీర గాల్లో ఎగురుతూ వచ్చి నా ఒళ్ళో పడేది. గొంతు పోయాక మా మరిది గణేష్‌బాబు నా చోట కూర్చున్నాడు. మంచివాడే, చెడ్డమాట అనడు, వదినా మీరు పైన విశ్రాంతి తీసుకోండి అంటాడు, అదే మాట రోజూ అంటాడు. మావారు మహేంద్ర అయితే నా మాటలన్నీ తనే మాట్లాడటం మొదలెట్టారు. చుట్టాలొస్తే, ఆవిడకి ఇప్పుడు బాగానే ఉందండి. కూరలవాడొస్తే, ఆవిడకి బెండకాయలు వద్దట. నాకు బెండకాయలు కావాలి. ఆ సంగతి గాలితో చెప్పేలోపు బండి వీధి మలుపు తిరిగిపోయేది. ప్రేమతోనే చేసేవారు, అందుకే కోపం తెచ్చుకోవడం కూడా కష్టమయ్యేది.

అప్పుడే మా అమ్మాయి చిన్ని నా ఫోనులో ఆ ఆట ఎక్కించింది. అమ్మా, ఇందులో నోరు విప్పక్కర్లేదే, వేలుంటే చాలు అంది. ఒక దీవి మీద ముగ్గురేసి జట్లుగా దిగుతారు, చివరిదాకా మిగిలిన జట్టు గెలిచినట్టు. నా బొమ్మకి చిలకపచ్చ చొక్కా తొడిగి, పేరు కూడా చిలకపచ్చ అనే పెట్టుకున్నాను. చిన్నికి పదో తరగతి పరీక్షలొచ్చి ఆట మానేసింది, నేను ఉండిపోయాను. మధ్యాహ్నం కొట్లో బేరాలు సన్నగిల్లే వేళ పై గదిలో చీరల మూటలకి ఆనుకుని దీవి మీదికి దిగేదాన్ని. జట్టులో నాకు తగిలిన ఇద్దరూ కలిసొచ్చారు. ఒకాయన అచ్చిబాబు గారు, కడియంలో పూలమొక్కల నర్సరీ, మైకులో ఆయన మాట వెనక ఎప్పుడూ నీళ్ళ మోటారు తిరుగుతుండేది, మధ్యలో ఆట ఆపి లారీ ఎక్కించేవాళ్ళతో, మందారాలు అడుక్కి వెయ్యకండర్రా, నలిగిపోతాయి అనేవారు. రెండో మనిషి దుర్గాశ్రీ, పిఠాపురం పిల్ల, బీఈడీ చదువుతోంది, తుపాకీ గురిపెట్టి కూడా అండి అంటుంది. నాకు మైకు లేదు. ఉన్నా గాలే వినిపించేది.

మైకు లేనివాళ్ళకి ఆటలో ఒక చక్రం ఉంటుంది. తెర మీద బొటనవేలు ఆనించి పట్టుకుంటే విచ్చుకుంటుంది. దాని గళ్ళల్లో ఎమోట్లుంటాయి, అంటే బొమ్మ చేత చేయించే చేష్టలు, చప్పట్లు, నమస్కారం, చిందులు, పడీపడీ నవ్వడం. ఏ గడిలో ఏది ఉండాలో ఎవరికి వాళ్ళు పెట్టుకోవచ్చు. చిన్ని నా చక్రం నిండా డాన్సులే నింపి వెళ్ళింది. ఓ రోజు గోడ వెనక ఎవరో పొంచి ఉండటం నేనొక్కదాన్నే చూశాను. ఆగండని ఎలా చెప్పాలి, చక్రం తెరిచి, డాన్సుల మధ్య ఒకే ఒక్క గడిలో గొంతుక్కూర్చోవడం కనిపిస్తే అది నొక్కాను. నా బొమ్మ నడివీధిలో గొంతుక్కూర్చుంది. అచ్చిబాబు గారు, ఏంటండీ ఈ చిలకపచ్చాయన, అవతల తలకాయలు లేచిపోతుంటే తీరిగ్గా కూర్చున్నాడు అని నన్ను దాటుకుంటూ ముందుకెళ్ళి, గోడ మలుపులో పడిపోయారు. మర్నాడు మళ్ళీ అలాగే కూర్చున్నాను, మళ్ళీ అలాగే పడిపోయారు. మూడోసారి ఆయన కదలబోతుంటే దుర్గాశ్రీ మెల్లిగా అంది, బాబాయి గారూ, ఆ మనిషి కూర్చున్నప్పుడల్లా ముందెవరో ఉంటున్నారండి, నేను గమనించాను.

నా మాట ఒక మనిషికి అందింది. చీరల మూట మీద నేనెంతసేపు అలా ఉండిపోయానో.

మళ్ళీ నొక్కుతున్నారు, ముక్క లోపలికి వెళుతోందట, గుటక వెయ్యొద్దండి అంటున్నారు, వెయ్యొద్దంటే వెయ్యాలనే ఉంటుంది కదా, ఇంకేదైనా తలుచుకోవాలి, చక్రం తలుచుకుంటాను. ఆ రాత్రికి రాత్రే డాన్సులన్నీ తీసి పక్కన పెట్టాను. గిరగిరా తిరిగేది, తల మీద నిలబడేది, అన్నీ పెళ్ళిలో కట్టుకునే చీరలు, రోజువారీకి పనికిరావు. నాకు కావాల్సినవి పొట్టివి, దూరం నుంచి చూసినా పోల్చుకోగలిగేవి, ఒకదాన్ని చూసి ఇంకోటనుకోనివి. పెళ్ళివారికి చీరలు ఎంచినట్టే ఎంచాను. గొంతుక్కూర్చుంటే ఆగండని. భుజం దులుపుకుంటే ఇక్కడెవరూ లేరు రండని. రెండు చప్పట్లు కొడితే గాయానికి మందు కావాలని. నమస్కారం పెడితే ఈ చోటు వదిలేసి వెళ్ళిపోదామని. ఇందులో ఒక చిక్కుంది, చేష్ట పూర్తయ్యేదాకా బొమ్మ కాల్చలేదు, పరిగెత్తలేదు, ఉత్త చేతులతో దొరికిపోతుంది. కానీ మధ్యలో ఒక్క అడుగు వేయిస్తే చేష్ట తెగిపోతుంది. అది తప్పించుకోవడానికి చేసి చూశాను, చూస్తే తెగిపోయింది కూడా ఒక మాటే. చేతులు దగ్గరికొస్తూ ఉండగా ఆపేస్తే సగం నమస్కారం. మీరు ఇక్కడే ఉండండి, నేను ముందు వెళ్తాను అని దానికి అర్థం. ఎవరూ ఎవరికీ నేర్పలేదు, వాడుతూ ఉంటే అదే కుదిరింది. ఒక్క గడికి మాత్రం అర్థం పెట్టుకోలేదు. పూలరేకులు గుప్పిట్లోంచి ఎగరేసే ఎమోట్ అచ్చిబాబు గారు నాకు కానుకగా పంపారు, నర్సరీవాణ్ణి, ఇంకేం ఇస్తానండి అన్నారు. ఊరికే బావున్నప్పుడు ఎగరేసుకునేవాళ్ళం.

వర్షం కురిసిన ఆ మధ్యాహ్నం ఆటలో ఏదో పాడై మైకులన్నీ ఆగిపోయాయి. మా ముగ్గురికే కాదు, దీవి మీద దిగిన అందరికీ. రోజూ కేకలేసుకుంటూ తిరిగే జట్లు ఒక్కసారిగా చెవిటివాళ్ళై, ఒకరెదురుగా ఒకరు నిలబడి తుపాకులు అటూ ఇటూ ఊపుకుంటున్నారు. మాకు మాత్రం ఏమీ తేడా పడలేదు. నేను దులుపుకుంటే వాళ్ళిద్దరూ వచ్చారు, నేను కూర్చుంటే వాళ్ళిద్దరూ ఆగారు. చివరికి కొండ మీద మిగిలిన జట్టుకి మేం ఎటు నుంచి వస్తున్నామో తెలియలేదు. సగం నమస్కారం పెట్టి ఒక్కదాన్నే పక్కదారిన ఎక్కాను, వాళ్ళు నా వైపు తిరిగారు, వెనక నుంచి మావాళ్ళిద్దరూ పని ముగించారు. అంతకు ముందెప్పుడూ మేం గెలవలేదు. ముగ్గురం పూలు ఎగరేసుకుంటూ ఎంతసేపు నిలబడ్డామో, ఆటే మమ్మల్ని బయటికి నెట్టేసింది. సాయంత్రం మైకులొచ్చాక అచ్చిబాబు గారు నీళ్ళ మోటారు కట్టేశారు. మిమ్మల్ని ఒకసారి చూడాలండి అన్నారు, మీరెవరో ఏంటో, మగో ఆడో కూడా మాకు తెలియదు. నేను కొట్టు పేరు, తాడితోటలో సందు పేరు టైపు చేసి పంపాను. ఇంకేం రాయలేదు. ఎందుకు రాయలేదంటే, చూద్దామని.

ఆదివారం వచ్చారు. నేను మెట్ల మీదున్నాను. పరుపుల చుట్టూ పెళ్ళివాళ్ళ గుంపు, గణేష్‌బాబు ఊపిరాడనంత పనిలో ఉన్నాడు. గుమ్మంలో ఒకాయన, చెప్పులకి నర్సరీ మట్టి, చేతిలో సంచీలో కట్టిన చిన్న మొక్క, పక్కన కళ్ళజోడు పెట్టుకున్న సన్నటి అమ్మాయి. చిలకపచ్చ అనే మనిషి కోసం వచ్చామండి అన్నారాయన. గణేష్‌బాబు తల ఎత్తకుండానే, చిలకపచ్చలో పట్టా, నూలా అండి అని అడిగాడు. ఆయన మొక్కని ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నారు. నేను మెట్లు దిగి పరుపు అంచుకొచ్చాను. పిలవడానికి గొంతు లేదు, గుంపు మధ్య నా గాలి నాకే వినిపించదు. చీరల మీద నుంచి ఆయన వైపు చూస్తూ, కొట్టు మధ్యలో, పెళ్ళివాళ్ళందరి ముందూ గొంతుక్కూర్చున్నాను. సందడి ఆగింది. వదినకి కళ్ళు తిరిగాయనుకుని గణేష్‌బాబు పరుగున వచ్చాడు. దుర్గాశ్రీ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. అచ్చిబాబు గారు, యాభై దాటిన మనిషి, మొక్క పక్కన పెట్టి, ఉన్నచోటే గుమ్మంలో గొంతుక్కూర్చున్నారు. ఇద్దరం అలా కూర్చుని ఒకరినొకరం చూసుకున్నాం. తర్వాత నేను లేచి భుజం దులుపుకున్నాను. ఆయన కళ్ళు తుడుచుకుంటూ లోపలికొచ్చారు.

మావారు ఆ సాయంత్రమంతా నవ్వుతూనే ఉన్నారు, నువ్వు యుద్ధాలు చేస్తున్నావని నాకొక్క ముక్క చెప్పలేదే అని. నేను చెప్పబోయిన ముక్కలేవీ ఆయన పూర్తిగా వినలేదని అప్పుడు అనిపించింది గానీ అనలేదు. అనడానికి గొంతు కావాలి. అయితే ఆ రోజు నుంచి పై గదికి వెళ్ళలేదు. గణేష్‌బాబుని జరగమని చేత్తో చూపించి నా చోట కూర్చున్నాను, అతను ఒక్క క్షణం అన్నగారి వైపు చూసి జరిగాడు. చీర భుజం మీద వేసి చూపిస్తే, కొంగు విప్పి వెలుతురులో పట్టుకుంటే, వద్దులెండి మీకు నప్పదు అని తల అడ్డంగా ఊపితే ఆడవాళ్ళు నమ్మారు. గొంతు లేని బేరం గొంతున్న బేరానికి తీసిపోలేదు. అందుకే ఈ బల్ల మీదికి ఏదో పోగొట్టుకున్నదాన్లా రాలేదు నేను. ఉన్నదానికి ఇంకొకటి చేర్చుకుందామని వచ్చాను. గొంతొచ్చాక మాతో మైకులో మాట్లాడతారా అక్కా అని దుర్గాశ్రీ నిన్న అడిగింది. వద్దన్నాను. అక్కడ నాకు ఏ లోటూ లేదు. గొంతు కావాల్సింది ఇక్కడ.

ఇప్పుడు అనండి, ఈ. అన్నాను. అన్నాననుకున్నాను, గదిలో ఎవరో అన్నారు, ఎవరో కాదు నేనే. సన్నగా, దారంలా, తెగకుండా వచ్చింది. గాలి లేదు. ఒకటి నుంచి లెక్కపెట్టమన్నారు, లెక్కపెట్టాను, అంకెలన్నీ అంకెల్లా వినిపించాయి. గుడ్డ కింద కళ్ళు తడయ్యాయి, తడి చెవుల్లోకి కారుతోంది, కారనీ. చక్కగా ఉందండి, చాలా శుభ్రంగా ఉంది అంటున్నారు డాక్టరు గారు, నర్సు కూడా ఏదో సంతోషంగా అంది. మీవారు అడిగినట్టే వచ్చింది, ఇది ఉంచేస్తాను అన్నారావిడ.

మావారు ఏమడిగారో నాకు తెలుసు. పోయినవారం డాక్టరు గారి గదిలో నా పక్కనే కూర్చుని అడిగారు. ఆవిడకి మునుపటంత గొంతు రాకపోయినా ఫర్వాలేదండి, ఇంట్లో మాట్లాడుకోవడానికి వస్తే చాలు, ఎక్కువ కష్టపెట్టకండి అన్నారు. నేను కాదనేలోపే డాక్టరు గారు రాసుకోవడం, లేచి నిలబడటం, తర్వాతి పేషెంటు తలుపు తోసుకుని రావడం అయిపోయాయి. దారి పొడుగునా, కారులో, సామర్లకోట దాటాక కూడా ఆ మాట నా గొంతులో అడ్డంగా ఉంది. ఇప్పుడు గొంతుంది. దారమంత గొంతు, కానీ నాది. ఇంకాసేపటికి కుట్టేస్తారు.

“డాక్టరు గారూ,” అన్నాను. పనిముట్ల చప్పుడు ఆగింది. “ఇది ఇంట్లోకి చాలుతుందండి. కొట్లోకి చాలదు. ఇంకొకటి చూపించండి.”

 గుడ్డకి అవతల నుంచి డాక్టరు రామతులసి గారు, ఈ బల్ల మీద ఏడ్చినవాళ్ళున్నారు గానీ బేరమాడినవాళ్ళు లేరండి అన్నారు. అంటూనే పెద్ద ముక్క అడిగి తీసుకున్నారు. మళ్ళీ నొక్కుడు, మళ్ళీ ఎముకల్లో చప్పుడు. ‘ఈ’ అన్నాను, పీక నొక్కినట్టు కీచుమంది. “బిగుతండి,” అన్నాను. నాకూ అలాగే అనిపిస్తోంది అన్నారు. ఆ ముక్క బయటికి తీసి అంచు చెక్కుతున్నారు, చాకు కింద సన్నటి గీరుడు, నా జాకెట్టు కుట్టే సంపూర్ణమ్మ చంక దగ్గర కుట్టు విప్పి వేసేటప్పుడు ఇలాగే ఒక్క మాటా మాట్లాడదు. లోపల పెట్టారు. అనండి. అన్నాను. కొంచెం అటు తిప్పారు. అనండి. ఈసారి వచ్చింది నా పాత గొంతు కాదు. దానికంటే కింద నుంచి వచ్చింది, అడుగున కాస్త గరుకుంది, కొత్త నూలు చీరకుండే గరుకు. గది బయట ఉన్నారనుకుని ఎవరినైనా గట్టిగా పిలిచి చూడండి, అన్నారు డాక్టరు గారు. ఎవర్ని పిలవాలి. మావారి పేరు పెట్టి పిలవను, చిన్ని ఊళ్ళో లేదు.

“పై అరలో వంగపండు రంగు పట్టు,” అన్నాను, “జరీ అంచుది. కట్టతో సహా కిందికి విసరండి.”

తలుపవతల వరండాలో నడుస్తున్న అడుగులు ఆగిపోయాయి. నర్సు నవ్వాపుకోలేక పక్కకి తిరిగినట్టుంది. నాకు మాత్రం నవ్వు రాలేదు. ఆ గొంతుని చెవుల్లో అటూ ఇటూ తిప్పి చూసుకున్నాను, ఎక్కడైనా పోగు లేచిందా అని. లేవలేదు.

“ఇదే,” అన్నాను. “కుట్టెయ్యండి.”

కుట్లు వేస్తూ డాక్టరు గారు ఇంక నోరు విప్పొద్దన్నారు. వాపు తగ్గేదాకా కొన్నాళ్ళు గుసగుస కూడా పనికిరాదట. అలాగే అన్నట్టు వేళ్ళు కదిపాను. ఏడాది పాటు మాట్లాడకుండా ఉన్నదాన్ని, కొన్నాళ్ళొక లెక్కా. గుడ్డ తీసేశారు, లైటు కళ్ళలో పడింది. చక్రాల మంచం మీదికి మార్చి తోసుకుంటూ వరండాలోకి తెచ్చారు. అక్కడ బెంచీ మీద అచ్చిబాబు గారు, దుర్గాశ్రీ, వాళ్ళ ముందు నిలబడి మావారు. ముగ్గురి ముఖాలూ ఒకేలా ఉన్నాయి. తలుపులోంచి నా కేక వాళ్ళకి వినబడిందని అర్థమైంది. మావారు దగ్గరికొచ్చి నా చెయ్యి పట్టుకున్నారు, ఆ వెంటనే అలవాటు ప్రకారం నర్సు వైపు తిరిగారు.

“ఆవిడకి ఏసీ పడదండి, దుప్పటి...” అన్నారు.

నేను చెయ్యి విడిపించుకుని పైకెత్తాను. ఆయన మాట సగంలో ఆగింది. నాకు చలి వెయ్యడం లేదు. నాకు కావాల్సింది వేరే ఉంది, అది వేళ్ళతో చెప్పడం మొదలెట్టాను. మావారు వంగి, నా ముఖం వైపు కాకుండా నా చేతి వైపు చూస్తూ నిలబడ్డారు. నేను చెప్పడం పూర్తయ్యేదాకా అలాగే నిలబడేటట్టున్నారు. నేనేమీ తొందరపడలేదు.